మూడిళ్ల మానికలు

"సోల ఎక్కడ పెట్టినారు?" అని నాగజ్యోతి అడగడం అది మూడోసారి.

లక్ష్మణ్ అద్దం ముందు నిలబడి దువ్వెనలో చిక్కుకున్న వెంట్రుకలు తీస్తున్నాడు. "గ్లాసుతో పొయ్యి. ఒక పూట గ్లాసుతో పోస్తే కొంపలేం మునిగిపోవు," అన్నాడు.

"ఏ గ్లాసుతో?"

"ఏదో ఒక స్టీలు గ్లాసు. ఇంట్లో గ్లాసులే లేనట్టు అడుగుతావేంది?"

"పదకొండున్నాయి. పెండ్లిళ్లలో పెట్టినవి కొన్ని, గృహప్రవేశాల్లో పెట్టినవి కొన్ని. ఏ రెండూ ఒక కొలతవి కావు. రెండున్నర సోలల బియ్యానికని చింతపండు నానబెట్టినా. గ్లాసుతో పోస్తే పులిహోర పుల్లగా అన్నా అవుతాది, చప్పగా అన్నా అవుతాది. అక్కడ సావిత్రక్క నోట్లో పెట్టుకోని మొహం చిట్లిస్తే మీరు పడతారా?"

"అయితే చేత్తో కొలువు. మా అమ్మ ఇంతకాలం దోసిలితోనే వండింది."

"మీ అమ్మ దోసిలి వేరు, నా దోసిలి వేరు."

"దోసిలికీ దోసిలికీ కూడా తేడాలు చూసేదానితో ఏం మాట్లాడతాం," అని లక్ష్మణ్ దువ్వెన గూట్లో పెట్టి, చెప్పులు వెతుక్కునే వంకతో గుమ్మం దాకా వెళ్లాడు. అక్కడ గోడకు ఆనించి ఉన్న గుడ్డ సంచికి అడ్డంగా నిలబడ్డాడు. ఏదైనా దాచినప్పుడల్లా ఆయన దాచిన వస్తువు ముందే నిలబడతాడని పదిహేడేళ్ల కాపురంలో నాగజ్యోతి కనిపెట్టింది. ఆయన్ను పక్కకు జరిపి సంచి విప్పింది. పాత పేపర్లో చుట్టిన మూడు ఇత్తడి కొలతలు. దుకాణంలో ఉండాల్సిన మానిక, గిద్ద, వంటింట్లో ఉండాల్సిన సోల.

"అన్న తెమ్మన్నాడు," అన్నాడు లక్ష్మణ్ ఇక దాచేది లేక. "నిన్న ఫోన్ చేసినాడు. కొత్త షోరూం ముందర నాయన విగ్రహం పెడతాడంట. మూడు దుకాణాల మానికలూ కరగబోసి చేయిస్తాడంట. మూడిళ్ల ఇత్తడీ అందులో కలవాలంట."

నోటి దాకా వచ్చిన కోపం నాగజ్యోతికి అక్కడే ఆగిపోయింది. ఆ ఆలోచన పెద్ద బావగారి తలలో వేసింది తనే.

ఆమె సోల ఒక్కటి తీసుకుని వంటింట్లోకి వెళ్లి, రెండున్నర సోలల బియ్యం కొలిచి కడిగింది.

లక్ష్మణ్ వాళ్లు ముగ్గురన్నదమ్ములు. పెద్దాయన బాలసుబ్రహ్మణ్యం భార్య సావిత్రితో మార్కాపురంలో, రెండో ఆయన చెన్నకేశవులు బేస్తవారిపేటలో, చిన్నవాడు లక్ష్మణ్ కొమరోలులో. మామగారు బతికుండగానే ఒక్కొక్కరికీ ఒక్కో ఊళ్లో కిరాణా దుకాణం పెట్టించి, ఇంట్లో ఉన్న మూడు జతల కొలతలూ తలా ఒక జత పంచి ఇచ్చారు. చేత్తో కొట్టించినవి కాబట్టి మూడూ అచ్చంగా ఒకటి కావు. మార్కాపురం మానిక మూతి కాస్త ముడుచుకుని ఉంటుంది. బేస్తవారిపేటది లోతు ఎక్కువ. కొమరోలు మానికకు పక్కన సొట్ట ఉంది. ఆ సొట్ట మేరకు తగ్గేదాన్ని నాగజ్యోతి గుప్పెడు కొసరు వేసి సరిపెడుతుంది. లక్ష్మణ్ సరుకు తేవడానికి తిరుగుతుంటే దుకాణంలో కూర్చునేది ఆమే. ఎవరింట్లో ఎంతమంది తినేవాళ్లో, ఎవరి గొర్రెలు ఏ బీళ్లలో మేస్తున్నాయో ఆమెకు తెలుసు. కొత్తగా వచ్చినప్పుడు రేకుల కొట్టంగా ఉన్న ఆ దుకాణం తన చేతుల మీదుగా ఇంతయింది. ఆమె తనది అని చెప్పుకోగలిగింది అదొక్కటే.

ప్రతి పౌర్ణమికీ ముగ్గురు కొడుకులూ మార్కాపురంలో ఒకచోట కూర్చుని తినాలన్నది అత్తమ్మ శ్రీశైలమ్మ పెట్టిన నియమం. అన్నం దగ్గర చావు మాట ఎత్తకూడదన్నది ఆవిడదే ఇంకో నియమం. బంధువుల్లో ఎవరైనా పోయిన కబురు వచ్చినా సరే, చేతులు కడిగేదాకా నోరు విప్పకూడదు.

రెండేళ్ల కిందట కూతురు ఒంగోలు హాస్టల్లో చేరాక నాగజ్యోతి డిగ్రీతో ఆపేసిన చదువును మళ్లీ పట్టుకుంది. దూరవిద్యలో ఎం.ఏ. చరిత్ర. పౌర్ణమి ప్రయాణాల్లో బస్సులో చదువుకోవడానికి పుస్తకం వెంట పెట్టుకునేది. ఒకసారి పెద్ద బావగారు ఆ పుస్తకం చూసి, "ఏ పాఠం నడుస్తా ఉంది జ్యోతమ్మా?" అని అడిగారు.

ఆ ఇంట్లో అలాంటి ప్రశ్న ఆమెను అంతకుముందు ఎవరూ అడగలేదు.

"చైనాది బావగారూ. రెండువేల రెండొందల ఏళ్ల కిందటి సంగతి. ఏడు రాజ్యాలు ఎప్పుడూ కొట్లాడుకునేవి. పడమటి కొసన చిన్ అనే రాజ్యం ఉండేది. చివరికి అదే మిగతా ఆరింటినీ కలిపేసుకోని ఒక సామ్రాజ్యం చేసింది."

"పడమటోళ్లా?"

"అవును. గుర్రాలు మేపుకునే మొరటోళ్లని మిగతావాళ్లకు చులకన."

"మనమంటే ఒంగోలోళ్లకు ఉన్నట్టు," అని బావగారు నవ్వి, పీట ముందుకు జరుపుకున్నారు.

అప్పటినుంచి పౌర్ణమికి కొంత చొప్పున ఆ కథ సాగింది. బావగారు మంచి శ్రోత. ముద్ద చేతిలోనే ఆపి వినేవారు. ఎక్కడ అడగాలో అక్కడ అడిగేవారు. దూరంగా ఉన్న రాజుతో స్నేహం చెయ్యి, పక్కనున్న రాజు మీదికి పో అని ఒక మంత్రి చెప్పిన సలహాను రెండుసార్లు చెప్పించుకున్నారు. సామ్రాజ్యమంతా ఒకటే లిపి, బండి చక్రాల మధ్య ఒకటే వెడల్పు, ఒకటే కొలత. రాజు ఆజ్ఞను కొలపాత్రల మీదనే చెక్కించారు. ఓడిన రాజ్యాల ఆయుధాలన్నీ పోగుచేసి కరిగించి పన్నెండు నిలువెత్తు కంచు మనుషుల్ని పోయించి రాజధానిలో నిలబెట్టారు. ఆ కంచు మనుషులు ఎంతెత్తుండేవారో చెప్పడానికి నాగజ్యోతి గరిటె ఉన్న చేతిని పైకెత్తి చూపిస్తుంటే, సావిత్రి వంటింట్లోంచి సాంబారు కోసం రెండుసార్లు కేకేయాల్సి వచ్చింది.

అత్తమ్మ నియమం వల్ల ఆమె చావులన్నీ వదిలేసి చెప్పింది. లొంగిపోయాక సజీవంగా పాతిపెట్టిన సైనికుల సంగతి చెప్పలేదు. ఆ రాజు చివరికి ఏమయ్యాడో అసలే చెప్పలేదు. దేశం తిరుగుతూ నడి వేసవిలో దారిలోనే చచ్చిపోయాడు. ఆ సంగతి బయటికి పొక్కితే తమకు ఎసరని మంత్రులు శవాన్ని బండిలోనే దాచి నడిపించారు. కుళ్లు వాసన తెలియకుండా వెనక బండ్లలో ఉప్పు చేపలు నింపించారు. వెయ్యేళ్లు నిలవాలనుకున్న సామ్రాజ్యం మొత్తం పదిహేనేళ్లు ఉంది. చావు మాట సరే, ఉల్లిపాయ కూడా వేయకుండా పౌర్ణమి వంట వండే ఇంట్లో, విస్తరి ముందు, కుళ్లిన శవాన్నీ చేపల్నీ ఎట్ల తీస్తుంది? చేతులు కడిగాక బావగారు కునుకు తీయడానికి వెళ్లిపోయేవారు. అందుకని ప్రతిసారీ కథ ఆ రాజు ఎత్తున నిలబడి ఉన్న చోటే ఆగేది.

బావగారు విన్నదంతా భద్రంగా దాచుకున్నారు.

నిరుడు కొమరోలుకు బావగారు పంపిన కొత్త ఫ్రిజ్ వచ్చింది. ఎర్ర అంకెలు పడే కరెంటు కాటా వచ్చింది. "కొమరోలు మా జ్యోతమ్మ రాజ్యం, దాని జోలికి ఎవరు పోతారు," అని బావగారు నలుగురిలో అనేవారు. అదే సమయంలో బేస్తవారిపేటకు పోవాల్సిన సరుకు లారీ వారం వారం ఆలస్యమైంది. ఆ తర్వాత చెన్నకేశవులు దుకాణానికి ఎదురుగా, దానికి మూడింతల దుకాణం ఎర్ర బోర్డుతో తెరుచుకుంది. ఆ బోర్డు మార్కాపురం బావగారిదే. చెన్నకేశవులు మూడుసార్లు ఫోన్ చేశాడు. "తమ్ముడూ, ఇద్దరం కలిసి పోయి అన్నను అడుగుదాం. నేనొక్కణ్నే అడిగితే ఏడుపు కింద లెక్క. ఇద్దరం పోతే మాట." లక్ష్మణ్ మూడుసార్లూ, "నాకు అన్నతో పేచీ ఏముంది చిన్నన్నా," అన్నాడు. పక్కనే చింతపండు గింజలు తీస్తున్న నాగజ్యోతి ఆ మూడు ఫోన్లూ విన్నది. ఇది తన పుస్తకంలో ఏ పేజీలో ఉందో కూడా ఆమెకు గుర్తే. కానీ ఆ రోజు కొత్త ఫ్రిజ్‌లో పాలు విరక్కుండా ఉన్నాయి, నలుగురిలో తన పేరు గొప్పగా వినిపిస్తోంది. ఆమె మాట్లాడలేదు. దసరాకల్లా బేస్తవారిపేట దుకాణం ఎర్ర బోర్డు కిందికి పోయింది. ఆ నెలలోనే పరీక్షలో, 'చైనా ఏకీకరణ వల్ల కలిగిన ప్రయోజనాలను వివరించుము' అని వచ్చింది. నాలుగు పేజీలు రాసింది. మంచి మార్కులే వచ్చాయి.

పులిహోర కలిపి డబ్బాకెత్తాక ఆమె సోల కడిగి, తుడిచి, దుకాణంలోకి వచ్చింది. బస్సుకింకా గంట ఉంది. గొర్రెలు కాచే మస్తానయ్య అరుగు మీద కూర్చుని ఉన్నాడు.

"రెండు మానికల సజ్జలు పెట్టు చెల్లెమ్మా. గొర్లకు ఉప్పు కూడా."

ఆమె సంచిలోంచి మానిక తీయడం చూసి ఆయన నవ్వాడు. "కాటా పెట్టుకోని మళ్లా ఆ సొట్టదాన్ని తీసినావేంది?"

"ఈ రోజుతో ఇది పోతాది అన్నా. మార్కాపురంలో కరిగిస్తారంట."

"అంత పాపం ఏం చేసింది?"

నాగజ్యోతి సజ్జలు తలకట్టి పోసి, "లాభం," అంది. ఒకటి అనే బదులు లాభం అంటూ మామగారు లెక్క మొదలుపెట్టేవారు. "రెండు." తర్వాత గుప్పెడు కొసరు వేసింది.

"కాటాలో దగా లేదులే," అన్నాడు మస్తానయ్య మూట కట్టుకుంటూ. "కాకపోతే ఆ ఎర్ర అంకె పడంగానే నీ చెయ్యి బిగుసుకుపోతాది. పోయిన నెల నాలుగు గింజలు ఎక్కువ పడినాయని వెనక్కి తీసినావు, గుర్తుందా? ఇంటికి పోయి మా ఇంటిది మల్లితో చెప్తే అది నమ్మలే. జ్యోతక్క అట్ల చెయ్యదు, నువ్వు తాగి పోయింటావు అన్నది."

నాగజ్యోతికి గుర్తుంది. ఆమె ఉప్పు మూట అందిస్తూ తల దించుకుంది.

"మానిక మార్కాపురం పోతే పోనీ. దుకాణం కూడా పోతాదా ఏంది?"

"దుకాణం పోదు."

"పోనియ్యబాక. బేస్తారిపేటలో మా బామ్మర్ది చెప్పినాడు, ఆడ ఇప్పుడు ఎవరింటోడివి, ఏ ఊరోడివి అని అడిగే దిక్కు లేదంట. బిల్లు కాగితం చేతిలో పెట్టి పంపిస్తారంట."

గిద్దలూరులో బస్సు మారి కూర్చున్నాక ఆమె లక్ష్మణ్‌తో మాట్లాడాలని చూసింది. ఆయన కిటికీ వైపు తిరిగి కూర్చున్నాడు. బేస్తవారిపేటలో బస్సు ఆగింది. రోడ్డు పక్కన ఎర్ర బోర్డు. దాని ఎదురుగా చెన్నకేశవులు పాత దుకాణం షట్టరు మీద కూడా అదే ఎర్ర రంగు. గోడౌన్‌గా వాడుతున్నట్టుంది.

"ఈ రోజు కొమరోలు అడుగుతారు," అంది.

"ఎవరు చెప్పినారు?"

"ఎవరూ చెప్పక్కర్లేదు. మానికలు తెప్పించినారంటేనే అర్థం. ఆ కథలో చివరిదాకా మిగిలింది ఒకే రాజ్యం. తూర్పున, సముద్రం దగ్గర. అందరికన్నా దూరం. నలభై ఏళ్లు వాళ్లకు యుద్ధమే లేదు. పక్క రాజులు సాయమడిగితే మాకేం పేచీ లేదన్నారు. అయిదు రాజ్యాలు పోతా ఉంటే చూస్తా కూర్చున్నారు. ఆ రాజు పక్కనుండే మంత్రిని చిన్ వాళ్లు ముందే మంచి చేసుకున్నారు."

లక్ష్మణ్ చాలాసేపు బోర్డు వైపు చూశాడు. "నాకు తెలీదనుకున్నావా," అన్నాడు చివరికి. "చిన్నన్న అన్న దుకాణం ఎర్ర చొక్కా వేసుకోని లారీ దగ్గర నిలబడితే నాకు అన్నం దిగిందనుకున్నావా."

"అయితే చెప్పండి. కొమరోలు మనకే ఉండనియ్యండి అని ఒక్క మాట. బావగారు బలవంతం చెయ్యరు, అడుగుతారంతే. చిన్న బావ దగ్గర కూడా అడిగే తీసుకున్నారు."

"చెప్తా. నువ్వు మాత్రం మధ్యలో రాబాక. నువ్వు నోరు తెరిస్తే నేను పెండ్లాం చెప్పినట్టు ఆడినట్టుంటాది."

"నేను రాను. మాటిస్తారా?"

"ఇచ్చినా," అన్నాడు లక్ష్మణ్.

మార్కాపురంలో ఇంటి ముందే కొత్త షోరూం. అద్దాలకు ఇంకా ప్లాస్టిక్ కాగితం తీయలేదు. బావగారు మెట్ల మీదే ఎదురొచ్చి, "రా లక్ష్మణా, పైన చూద్దువు గానీ," అని తమ్ముడి భుజం మీద చెయ్యి వేసి తీసుకెళ్లారు. నాగజ్యోతి సంచి పట్టుకుని లోపలికి వెళ్లింది.

హాల్లో పరిచిన దుప్పటి మీద ఇత్తడి సామాను పోసి ఉంది. మార్కాపురం మానిక, బేస్తవారిపేట మానిక, పాత కుందులు, మూడు పెద్ద బిందెలు.

"నా బిందెలు కూడా తీసినాడు," అంది శ్రీశైలమ్మ. "మీ మామ మొహానికి ఇత్తడి చాలదంట. బతికినన్నాళ్లూ నా నీళ్లు తాగినాడు, పోయినాక నా బిందెలు మింగుతా ఉన్నాడు."

చెన్నకేశవులు దుప్పటి పక్కన గొంతుక్కూర్చుని ఉన్నాడు. జేబు మీద దుకాణం పేరు కుట్టిన ఎర్ర చొక్కా. పౌర్ణమి అని కూడా విప్పలేదు. విప్పే వ్యవధి ఇచ్చారో లేదో. ఆయన భార్య దసరా తర్వాత ఈ ఇంటి గడప తొక్కలేదు. నాగజ్యోతి ఇచ్చిన కొమరోలు మానికను అందుకుని సొట్టలో బొటనవేలు పెట్టి తడిమాడు.

"ఇది నా కాలి దెబ్బే. చిన్నప్పుడు దీన్ని తన్నుకుంటా ఆడుకుంటిమి. నాయన నన్ను కొట్టి, చివరికి దీన్ని లక్ష్మణ్‌కి ఇచ్చినాడు." మానికను జాగ్రత్తగా మిగతావాటి పక్కన పెట్టి, గొంతు తగ్గించాడు. "వాణ్ని షోరూం చూపించడానికి తీసకపోయినాడా?"

"అవును చిన్న బావా."

"నాకు గోడౌన్ చూపించినాడు. ఇంక దీనికంతా నువ్వే పెద్ద అని తాళాలగుత్తి చేతిలో పెట్టినాడు. పది రోజులు నా మొలకే ఉండె. ఇప్పుడు అది ఎవరి దగ్గరుందో అడుగు, చెప్తా."

నాగజ్యోతి అడగలేదు. వంటింట్లోంచి సావిత్రి పిలిస్తే వెళ్లింది. సావిత్రి పులిహోర రెండు మెతుకులు నోట్లో వేసుకుని, "కుదిరిందే," అంది. ఆవిడ నోట అంతకన్నా మంచి మాట రాదు.

అన్నదమ్ములిద్దరూ తిరిగి వచ్చేసరికి విస్తళ్లు వేసి ఉన్నాయి. బావగారు, చెన్నకేశవులు, లక్ష్మణ్, చివర అత్తమ్మ. కోడళ్లిద్దరూ వడ్డన. లక్ష్మణ్ విస్తట్లో పులిహోర పెట్టడానికి వంగినప్పుడు నాగజ్యోతి చూసింది. ఆయన చొక్కా జేబు బరువుకి కిందికి సాగి ఉంది. జేబు అంచు నుంచి ఎర్ర ప్లాస్టిక్ బిళ్ల ఒకటి బయటికి వేలాడుతోంది. పక్కన కూర్చున్న చెన్నకేశవులు కూడా దాన్ని చూశాడు. చూసి, తన విస్తట్లోని పప్పును అన్నంలో మెల్లగా కలపడం మొదలుపెట్టాడు.

ఆమె గరిటె కాస్త గట్టిగా పట్టుకుంది. మాటిచ్చాడు కదా అనుకుంది. తాళాలు జేబులో ఉన్నంత మాత్రాన మాట పోవాలని ఏముంది?

"మాఘమాసానికి నాయన విగ్రహం తయారవుతాది అమ్మా," అన్నారు బావగారు. "మూడిళ్ల మానికలూ కలిసి ఒకటే మనిషి. అందరూ నన్ను మెచ్చుకుంటా ఉన్నారు గానీ, ఈ ఆలోచన నాది కాదు. జ్యోతమ్మది. ఈ ఏడాది నేను చేసిన ప్రతి పనికీ దారి చూపించింది మన జ్యోతమ్మే. ఒకే బోర్డు, ఒకే కొలత, ఎవరి దగ్గరికి ముందు పోవాల, ఎవర్ని చివరికి పెట్టుకోవాల. డబ్బులు పోసి సలహాదారును పెట్టుకున్నా ఇంత చెప్పడు."

ఆయన మనస్ఫూర్తిగానే అన్నారు. అందులో వెటకారం లేదు.

చెన్నకేశవులు చెయ్యి విస్తట్లో ఆగింది. తలెత్తి నాగజ్యోతిని చూశాడు. "నీదామ్మా?" అన్నాడు. కోపంగా కూడా కాదు, ఏదో తెలియని సంగతి తెలుసుకున్నట్టు.

నాగజ్యోతి గరిటె గిన్నెలో పెట్టింది. "కథలో ఇంకా ఉంది బావగారూ," అంది. "నేను పూర్తిగా చెప్పలేదు."

"చెప్పు మరి. ఆ రాజు తర్వాత ఏం చేసినాడు?"

"దేశం చూడ్డానికి బయల్దేరినాడు. నడి వేసవి. దారిలో..."

"అందులో చావు గాని ఉందా?" అంది శ్రీశైలమ్మ.

"ఉంది అత్తమ్మా."

"చేతులు కడిగినాక చెప్పుకో."

"చావు లేకుండా చెప్పు జ్యోతమ్మా," అన్నారు బావగారు. "నువ్వు చెప్పగలవు గదా."

చావు రాకుండా ఆమె చెప్పగలిగింది ఒక్కటే మిగిలింది. భర్త ఎదురుగా నిలబడి, ఆయన్నే చూస్తూ చెప్పింది.

"చివరి రాజ్యం మిగిలింది. దాని కోటలకు గోడలున్నాయి, లోపల సైన్యముంది. కొట్లాడితే నిలిచేవాళ్లో లేదో గానీ, కొట్లాడ్డానికి అన్నీ ఉన్నాయి. ఆ రాజుకు అయిదొందల కోసుల జాగీరు ఇస్తామని కబురొచ్చింది. పక్కనున్న మంత్రి కూడా ఇచ్చెయ్యమన్నాడు. ఒక్క బాణం కూడా వేయకుండా ఆ రాజు తలుపులు తీసి బయటికొచ్చి రాజ్యం చేతిలో పెట్టినాడు."

"తెలివైనోడు," అన్నారు బావగారు. "నెత్తురు చిందకుండా చేసినాడు."

"తర్వాత?" అన్నాడు చెన్నకేశవులు.

"జాగీరు ఇయ్యలేదు. ఊరికి దూరంగా చెట్ల మధ్యన ఉంచినారు. అన్నం పంపించలేదు."

"విస్తరి ముందు అన్నం లేదనే మాటేందే జ్యోతీ," అని శ్రీశైలమ్మ కసిరింది. "పెరుగు తీసకరా పో."

నాగజ్యోతి పెరుగు గిన్నె తెచ్చింది. అప్పటికి లక్ష్మణ్ గొంతు సవరించుకుంటున్నాడు. ఆమె గుమ్మంలోనే ఆగింది. బస్సులో అన్న ఆ ఒక్క మాట కోసం ఆగింది. ఆయన విస్తరి అంచున మిగిలిన కరివేపాకును వేలితో ఒక వరసలో పెట్టాడు. ఆమె వైపు చూడలేదు.

"అన్నా," అన్నాడు, "కొమరోలు బోర్డు కూడా మార్చేద్దాం. నేను, జ్యోతి ఆలోచించుకున్నాం. ఒక ఇంటి వాళ్లం, ఒకటిగా ఉంటేనే మంచిది."

చెన్నకేశవులు తన విస్తరి మడిచాడు, పెరుగు అక్కర్లేదన్నట్టు.

"అడగకముందే ఇచ్చినాడు చూడమ్మా," అన్నారు బావగారు తల్లితో, గొంతు నిండుగా. "సరే, అయితే అందరూ వినండి. ఒకటో తారీఖు నుంచి కొమరోలులో మన ఎర్ర బోర్డు. అక్కడ కూర్చోడానికి జీతానికి మనుషుల్ని చూస్తా. షోరూం లక్ష్మణ్ చూసుకుంటాడు. మేడ మీద రెండు గదులు ఖాళీ చేయిస్తా, ఇద్దరూ ఇక్కడికే వచ్చేయండి. సావిత్రికి మోకాళ్ల నొప్పులు. వంటిల్లు, అమ్మను చూసుకునేది ఇంక జ్యోతమ్మే."